గొలుసు కొక్కి

శ్రీకాళహస్తి బస్టాండు ఎదుట, నాయుడుపేట వైపు పోయే కంపెనీ బస్సు కోసం అత్తాకోడళ్లు నిలబడి ఉన్నారు. అత్త బొట్టు పెట్టుకోవడం మానేసి చాలా ఏళ్లయింది.

“రేపు నా బిడ్డ పదోదినం పెట్టుకోని ఈ పొద్దు పనికి పోతావా?”

“తాళి ఆడుండాదత్తా. కంపెనీ లాకర్లో.”

“నీ మెడలో లేదా?”

“మిషన్ల కాడికి మెడలో ఏమీ ఉండకూడదు. రోజూ తీసి పెట్టేదే. ఆయన పోయినాడని సూపర్‌వైజరమ్మ చెప్తానే అట్లనే పరిగెత్తొచ్చినాను.”

“కొంగు కప్పుకోనుంటే, ఉండాదనుకుంటిని.”

“ఎవురూ అడగలేదు.”

“రేపు ఏటికాడ అమ్మలక్కలు నీ మెడలోంచి ఏం తీస్తారు?”

“అందుకే పోతాండాను. వేరేవాళ్లు పోతే ఇయ్యరు.”

“తెచ్చి చేతిలో పెట్టుకుంటే కుదరదమ్మా. వేసుకోవాల.”

“రేపు తీసేదానికి ఈ పొద్దు వేసుకోవాల్నా?”

“ఊఁ.”

“మెడ ఎనకాల గొలుసు కొక్కి నాకు అందదత్తా. సాయంత్రం బస్సు దిగినాక రోజూ ఆయనే పెట్టేది. ఈడనే, ఈ లైటు కింద.”

“వాడా? నాకెప్పుడూ చెప్పలేదే.”

“నువ్వు తిడతావని.”

బస్సు వచ్చి ఆగింది.

“సాయంత్రం నేను ఈడనే ఉంటా. దిగు, నేను పెడతా.”

“మొగుడు పోయినోళ్లు తాళి ముట్టుకోకూడదంటివే. మా పెండ్లిలో గూడా దూరంగా నిలబడుకుంటివి.”

“అప్పుడు వాడికేమన్నా అయితాదని భయం. ఎక్కు, బస్సు పోతాది.”