నూట రెండో ట్రే

తాళాల బాబాయ్ టీ గ్లాసు కింద పెట్టాడంటే కోతలు మొదలైనట్టే లెక్క. చేతిలో గ్లాసున్నంతసేపూ మామూలు మనిషే, టీ కొట్టు పక్కన మారు తాళంచెవులు చేసుకుని బతికే పెద్దాయన. చేతులు ఖాళీ అయ్యాయా, ఇక ఆయన్ని పట్టుకోవడం ఎవరి తరమూ కాదు.

ఆ పొద్దున బేకరీ అతను టీ కొట్టుకు వచ్చింది ఒక్క మాట చెప్పిపోదామని. 'బాబాయ్, నీ ట్రే నా దగ్గరే ఉండిపోయింది, పట్టుకెళ్ళు' అన్నది ఆ మాట. నిన్న మధ్యాహ్నం బాబాయ్ తెచ్చి ఓవెన్లో పెట్టమన్న ట్రే అది. తమ్ముడు రాగానే వేడివేడిగా తీసుకెళ్తానన్నాడు, తీసుకెళ్ళలేదు. ఎందుకు తీసుకెళ్ళలేదో బేకరీ అతనికి తెలుసు. కానీ అతను వచ్చేసరికే బాబాయ్ గ్లాసు కింద ఉంది. బెంచీ మీద టైలరు కాలు మీద కాలేసుకుని కూర్చున్నాడు, ఆయన పక్కన మరో ఇద్దరు ముగ్గురు సర్దుకున్నారు. టీ కొట్టు అమ్మాయి ఓ కన్ను పాల మీదా, ఓ చెవి ఇటూ వేసి ఉంచింది.

"నిన్న మా తమ్ముడికి భోజనం పెట్టాను," అన్నాడు బాబాయ్, అదేదో చిన్న సంగతైనట్టు. ఆయన కథలన్నీ చిన్నగానే మొదలవుతాయి.

తమ్ముడి గురించి అక్కడ అందరూ విన్నారు, చూసినవాళ్ళు తక్కువ. దూరాలు తిరిగే లారీ డ్రైవరు. ఊరి బయట పెద్ద రోడ్డు మీదుగా నెలకోసారి పోతూనే ఉంటాడు, ఎప్పుడో గాని లోపలికి రాడు. దారిలో ఏదో హోటల్లో తిన్న తిండి గురించి రెండేళ్ళుగా అన్నకు ఫోన్లో ఊరిస్తూ చెబుతున్నాడు. టెక్స్-మెక్స్ అంటారట, అమెరికా, మెక్సికో వంటలు కలగలిపినది. నత్తగుల్లల్లాంటి పాస్తా, లోపల కూరిన కారం కారం మాంసం, పైన కరిగిన చీజ్.

"ఎన్నాళ్ళని వింటాం? ఈసారి వస్తానన్నాడు, సరే, వండి పెట్టి వీడి నోరు మూయిద్దామనుకున్నా. పాస్తా గుల్లలు కొన్నాను, ఉడికించాను. మరీ మెత్తగా ఉడికించకూడదు, కాస్త పలుకుండగానే దించెయ్యాలి, మిగతాది ఓవెన్ చూసుకుంటుంది. ఖీమాలో ఉల్లిపాయలు, జీలకర్ర పొడి, మిరపపొడి, ఉడికిన చిక్కుడు గింజలు, మొక్కజొన్న గింజలు వేసి వేయించాను. దాన్ని ఒక్కో గుల్లలో కూరి, కింద టమాటా సాసు పరిచి, దానిమీద గుల్లలు పేర్చి, పైన చీజ్ తురుము చల్లాను. అంతే. దీనికేం పెద్ద చదువు చదవాలా?"

అంతవరకూ నిజమే. బేకరీ అతను ట్రే మీది మూత తీసి చూశాడు కాబట్టి చెప్పగలడు.

"ఒక్కో గుల్ల ఎంతుంటుంది బావా?" అన్నాడు టైలరు. ఆయన కొలతల మనిషి.

అడక్కుండా ఉండాల్సింది. బాబాయ్ ముందు బొటనవేలు చూపించాడు. టైలరు మొహంలో మార్పేమీ కనబడకపోయేసరికి పిడికిలి చూపించాడు. ఆ తర్వాత రెండు చేతులూ బార్లా చాపాడు, పక్కన కూర్చున్నవాళ్ళు తలలు వంచి తప్పించుకున్నారు.

"ఇది పచ్చిగా ఉన్నప్పుడు. ఉడికాక ఉబ్బదూ? లోపల కూరాలంటే చెంచాతో అయ్యే పనేనా, నిచ్చెన వేసుకుని దిగాను. దిగితే అంతా చీకటి. టార్చిలైటు పట్టుకుని కూరుకుంటూ పోయాను, పోయాను, ఒకచోట దారి తప్పాను. తాళాల పనివాణ్ణి కాబట్టి సరిపోయింది, మూసుకున్నది ఎక్కడ నొక్కితే తెరుచుకుంటుందో తెలుసు కనక బయటపడ్డాను. ఇంకొకణ్ణయితే ఈపాటికి చీజ్‌తో కలిపి ఎవరో తినేసి ఉందురు. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"చెప్పకపోతే నీకు టీ అరగదు కదా, చెప్పు," అన్నాడు టైలరు.

"మిరపపొడి వేయించాను. మామూలుది అనుకుంటున్నారేమో, పొగబెట్టిన మిరపకాయలది. ఆ ఘాటు కిటికీలోంచి వీధిలోకి పోయింది. పోయి ఎదురింటి తాళంలో దూరింది. తాళానికి తుమ్మొచ్చింది. నవ్వకండి, తాళం తుమ్మితే ఏమవుతుంది, ఊడిపోతుంది. దాని పక్కింటిది, ఆ పక్కింటిది, బ్యాంకు షట్టరు దాకా వీధి వీధంతా ఠప్పు ఠప్పుమంటూ తుమ్మి తెరుచుకున్నాయి. జన్మంతా జనం తలుపులు తెరిచిపెట్టాను గదా, లోపలికొచ్చి కూర్చో బాబాయ్ అన్న ఇల్లు ఒక్కటి లేదు. నిన్న మాత్రం తలుపులన్నీ వాటంతటవే తెరుచుకున్నాయి. ఏం వండుతున్నావు బాబాయ్ అంటూ అందరూ నా గుమ్మంలోకి వచ్చేశారు."

ఆ మాట దగ్గర ఆయన గొంతు కాస్త తగ్గింది. బేకరీ అతను తప్ప ఎవరూ పట్టించుకోలేదు.

"వచ్చినవాళ్ళని వట్టి చేతులతో పంపిస్తామా? ఒక ట్రే కాస్తా నూటొక్క ట్రేలయ్యాయి. నా ఇంట్లో అంత ఓవెనెక్కడిది, ఇదిగో, ఇతని దగ్గరికి మోయించాను. క్రేను పెట్టి మోయించాను. బేకరీ గుమ్మం చాల్లేదు, గోడ పడగొట్టాల్సొచ్చింది. అవునో కాదో అతన్నే అడగండి."

అందరూ బేకరీ అతని వైపు తిరిగారు. అతనికి అబద్ధం చెప్పడం చేతకాదు. రొట్టె మిగిలిపోతే ఇది నిన్నటిదమ్మా అని చెప్పి మరీ అమ్మే రకం. నిన్న వచ్చిన ట్రే ఇద్దరు మనుషులకు సరిపోయేది, ఓ మూల సొట్టపడింది. బాబాయ్ ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, దాన్ని పసిపిల్లను ఎత్తుకున్నట్టు రెండు చేతులతో పట్టుకొచ్చాడు. చీజ్ ఎర్రబడేదాకా కదలకుండా ఓవెన్ అద్దంలోంచి తొంగిచూస్తూ నిలబడ్డాడు. అప్పుడు ఫోను మోగింది. "అలాగేరా," అన్నాడు ఫోన్లో. "లోడు వేరే దారిన పంపిస్తే నువ్వేం చేస్తావు. పర్లేదురా. నేనింకా ఏమీ వండలేదులే." ఫోను జేబులో పెట్టుకుని, ఇప్పుడే వస్తానని బయటికెళ్ళాడు. మళ్ళీ రాలేదు.

"గోడ... కొంచెం పడగొట్టాం," అన్నాడు బేకరీ అతను, మొహం టీ గ్లాసులో దాచుకుంటూ.

బాబాయ్ అతనికేసి ఒకసారి చూసి, ఇక ఆగలేదు. చీజ్ సంగతి ఎత్తుకున్నాడు. ఒక గుల్ల పైకి తీస్తే దాని వెంట వచ్చిన చీజ్ తీగ సాగి సాగి వీధి మలుపు దాటిపోయిందట. దాని మీద పావురాళ్ళు వరసగా కూర్చున్నాయట. ఎవరో ఇల్లాలు తడిబట్టలు ఆరేసుకుందట. కరెంటువాళ్ళు వచ్చి, ఈ తీగ వెయ్యడానికి పర్మిషన్ ఎవరిచ్చారని దబాయించి, ఓ ప్లేటు తిని చల్లబడి వెళ్ళారట. పైన పోతున్న విమానానికి వాసన తగిలి అది అక్కడక్కడే చక్కర్లు కొట్టిందట, పైలట్ కిటికీలోంచి చెయ్యి చాపితే ఈయన మేడెక్కి ఓ గుల్ల అందించాడట. వేడిగా ఉంది, ఊదుకుని తిను అని కూడా చెప్పాడట.

"ఆ తర్వాత ఏమైందో తెలుసా? పెద్ద రోడ్డు మీద లారీలన్నీ ఇటు మళ్ళాయి. అన్నిటికంటే ముందు మా తమ్ముడిది. వెనక ఎన్నున్నాయని చెప్పను, ముందు లారీ మా గుమ్మం ముందు ఆగేసరికి చివరి లారీ బయల్దేరిన ఊళ్ళోనే ఉంది, ఇంకా కదల్లేదు. దారి మళ్ళించి పొమ్మన్న ఆఫీసువాళ్ళని కూడా లారీలో వేసుకుని మా ఇంటికే తీసుకొచ్చాడు వాడు."

టైలరు చెవి వెనకున్న సుద్దముక్క తీసి మళ్ళీ పెట్టుకున్నాడు. "అంతమందికీ కలిపి నిన్న ఈ అమ్మాయి దగ్గర ఒక్క కుర్చీ పట్టుకెళ్ళావు గదా, చాలిందా?"

బెంచీ అంతా నవ్వింది. బాబాయ్ తడుముకోలేదు.

"అది తమ్ముడికి. మిగతావాళ్ళు లారీల మీదే కూర్చున్నారు. వాడికి నడుంనొప్పి, నా ముక్కాలిపీట మీద కూర్చోలేడు. నా ఎదురుగా వేశాను, ఫ్యాను గాలి తగిలేచోట. మంచినీళ్ళు కుడిచేతి పక్కన పెట్టాను. వాడు ముద్ద నోట్లో పెట్టుకునే ముందు నీళ్ళు తాగుతాడు, చిన్నప్పట్నించీ అంతే."

టీ కొట్టు అమ్మాయి పాలగిన్నె దించి ఇటు వచ్చింది. ఆమె నవ్వలేదు. కుర్చీ నిన్న వెళ్ళి ఇవాళ తిరిగొచ్చిందని మాత్రమే ఆమెకు తెలుసు.

"మరి తిని ఏమన్నాడు బాబాయ్?" అంది.

ఇంతకంటే తేలిక ప్రశ్న ఆ పొద్దుట ఎవరూ అడగలేదు. బాబాయ్ నోరు తెరిచాడు. తాళాల చేత తుమ్మించినవాడు, ఆకాశంలో విమానాన్ని నిలబెట్టినవాడు, తమ్ముడి నోట ఒక్క మాట పలికించలేకపోయాడు. "వాడు..." అని ఆగిపోయి, కింద పెట్టిన గ్లాసు మళ్ళీ చేతిలోకి తీసుకున్నాడు. అందులో టీ లేదు.

"ఏం బావా, అసలు రాలేదా ఏమిటి?" అన్నాడు టైలరు. ఎప్పటిలాగే ఎగతాళికన్నాడు. బాబాయ్ తలెత్తకపోవడం చూసి నాలిక కరుచుకున్నాడు, కాలు మీది కాలు దించాడు.

బేకరీ అతను లేచాడు. "మీకని బాబాయ్ ఓ ట్రే విడిగా పెట్టించాడు," అన్నాడు గోడకేసి చూస్తూ, ఒక్క గుక్కలో. "రెండో ట్రే. నా దగ్గరే ఉంది. వేడి చేసే వచ్చాను."

పాలు తాగే పిల్లాడు కూడా పట్టేసే అబద్ధం అది. అక్కడున్న ఒక్కరూ పట్టుకోలేదు.

బాబాయ్ ఖాళీ గ్లాసు మళ్ళీ కింద పెట్టాడు. "రెండోది కాదు," అన్నాడు. "నూట రెండో ట్రే."

ట్రే వచ్చింది. మళ్ళీ వేడెక్కించేసరికి అంచులు ఎండి కరకరలాడాయి. కారం నషాళానికంటింది. టైలరు కళ్ళు తుడుచుకుంటూ రెండోసారి అడిగి వేయించుకున్నాడు, తన ప్రశ్నకు శిక్ష అనుభవిస్తున్నట్టుగా. టీ కొట్టు అమ్మాయి నిన్నటి కుర్చీ తెచ్చి బాబాయ్ కోసం వేసింది. ఆయన దానిమీద మాత్రం కూర్చోకుండా బెంచీ చివర సర్దుకుని, ఒకే ఒక్క గుల్ల మెల్లగా తిన్నాడు. ఉప్పు ఒక రవ్వ తగ్గిందని తనే అన్నాడు.

అందరూ ఎవరి పనికి వాళ్ళు వెళ్ళాక బాబాయ్ కుళాయి దగ్గర ట్రే తోముతుంటే బేకరీ అతను పక్కన నిలబడ్డాడు. ఈసారి తమ్ముడు వచ్చే రోజు ముందుగా చెప్పమనీ, ఓవెన్ ఖాళీగా ఉంచుతాననీ అన్నాడు.

"వాడు రాడులే," అన్నాడు బాబాయ్.

ఆయన నోట అంత చిన్న మాట, పిసరంత కోత కూడా లేని మాట, బేకరీ అతను ఎన్నడూ వినలేదు. ఆ మాటను అలా వదిలేసి వెళ్ళిపోవడానికి కాళ్ళు రాలేదు. రొట్టెలు మాడితే మాడాయి అనుకుని కుళాయి గట్టు మీద చతికిలబడ్డాడు.

"ఆ చివరి లారీ ఇంకా కదల్లేదన్నావు కదా బాబాయ్," అన్నాడు. "ఆ తర్వాత ఏమైంది?"

బాబాయ్ కుళాయి కట్టేసి, ట్రే కింద పెట్టి, తడి చేతులు చొక్కాకు తుడుచుకున్నాడు.