ఎర్ర బల్బు లేని గది

లక్షా ఎనభై ఆరు వేలు మేడం. నేను మొదలుపెట్టినప్పుడు నా దగ్గరున్నది అంతే. అందులో లక్షా పది వేలు కంప్యూటరుకీ మైకుకీ పోయింది. మిగతాది గది అడ్వాన్సు, గోడలకి స్పాంజి. ఇప్పుడు మీరేమో ఆ కంప్యూటరే తెచ్చి కోర్టులో పెట్టమంటున్నారు. పెన్‌డ్రైవ్ సరిపోదా అండీ?

అవును, అది పంపింది నేనే. పోయిన నెల పేరూ ఊరూ లేకుండా మీకు కొరియర్‌లో వచ్చిన కవరు నాదే. మీరు జడ్జి గారికిచ్చారు. ఎవరు రికార్డు చేశారు, ఏ మిషన్ మీద, సర్టిఫికెట్ ఏదీ అని ఆయన తిప్పి ఇచ్చేశారు. అప్పుడు నేను వెనక బెంచీలోనే ఉన్నాను, మాస్కు పెట్టుకుని. మీ క్లయింటు భిక్షమన్న, నాకు మాస్కున్నా గుర్తుపట్టాడు. పోలీసు పక్కనున్నా చెయ్యెత్తి, తిన్నావా అని సైగ చేశాడు.

నా పేరు నాగసాయి. ఫిల్మ్ నగర్‌లో డబ్బింగ్ థియేటరు నడుపుతాను. థియేటరంటే పెద్దగా ఊహించుకోకండి. సెల్లార్‌లో పదడుగుల గది, మధ్యలో అద్దం. అటువైపు మైకు, ఇటువైపు నేను.

ఎలా రికార్డు చేశానో చెప్పాలా? చెప్తాను. చెప్పడానికే కదా వచ్చాను.

డబ్బింగ్ గదిలో రికార్డింగ్ నడుస్తుంటే ఎర్ర బల్బు వెలగాలి. అందరి దగ్గరా వెలుగుతుంది. నేను పీకేశాను. ఎందుకంటే మొదటి నెలలోనే ఒకావిడ రిహార్సల్‌లో ఎంత బాగా ఏడ్చిందో! డైరెక్టరు కళ్లద్దాలు తుడుచుకున్నాడు. టేక్ అనగానే, ఆ బల్బు వెలగ్గానే గొంతు బిగుసుకుపోయింది. పదిహేడు టేకులు మేడం. ఆ మొదటి ఏడుపు మళ్లీ రాలేదు. ఆ సాయంత్రమే బల్బు తీసేసి, తలుపు పడగానే రికార్డింగ్ దానంతటదే మొదలయ్యేట్టు పెట్టాను.

ఎవరికీ చెప్పలేదండీ. చెబితే మళ్లీ గొంతు బిగుసుకుపోదూ?

ఇంకో సంగతి. సినిమావాళ్లకి గుట్టుగా నాలుగు మాటలు మాట్లాడుకునే చోటు ఉండదు. ఆఫీసులో అసిస్టెంట్లు, కారులో డ్రైవరు. జూబ్లీహిల్స్‌లో కాఫీకి వెళితే పక్క టేబుల్ మీద ఫోను బోర్లా పెట్టి ఎవడో ఒకడు. అందుకని డబ్బింగ్ గదిలో దూరి తలుపేసుకుంటారు. లోపల అరిచినా బయటికి వినిపించదని వాళ్లకి తెలుసు. ఎదురుగా మైకుంటుంది. దాన్ని చూస్తూనే మాట్లాడతారు. ఎర్ర బల్బు లేదు కాబట్టి పడుకుందనుకుంటారు.

తప్పే. కాదని నేననడం లేదు.

విన్నానా? విన్నాను. అందరూ సీరియల్ చూస్తూ భోంచేస్తారే, నేను అవి వింటూ భోంచేసేవాణ్ణి. ఎవరి సినిమా ఆగిపోతుందో, ఎవరి ఫైనాన్షియర్ చేతులెత్తేశాడో పేపర్ల కంటే ముందు నాకే తెలిసేది. అలాంటి వాళ్ల దగ్గర పని మొదలెట్టకముందే డబ్బు పట్టేవాణ్ణి. పద్నాలుగు నెలల్లో నాకు ఒక్క చెక్కు తిరిగి రాలేదు. ఫిల్మ్ నగర్‌లో ఇంకెవరైనా ఆ మాట అనమనండి చూద్దాం. అబ్బో, కుర్రాడికి చెయ్యి చూస్తే మనిషి తెలిసిపోతాడు అనేవాళ్లు. నేనేం చెయ్యీ చూళ్లేదు.

పట్టాభిరామయ్య గారి సంగతికి వస్తున్నాను.

నిర్మాతగా ఆయన తీస్తున్న సినిమా సగంలో ఆగింది. గుట్ట పక్కన కిరాయి స్థలంలో బస్తీ సెట్టు వేసి ఉంది, దానికి ఇన్సూరెన్సుంది. వాచ్‌మన్ భిక్షమన్న. ఆ రోజు పట్టాభిరామయ్య గారూ మేనేజరూ టీజర్ డబ్బింగ్‌కి వచ్చి, ఆర్టిస్టు భోజనానికి వెళ్లగానే తలుపేసుకున్నారు. రెండు నిమిషాల నలభై సెకన్లు. మీరు విన్నారుగా, ఆయన గొంతే. "నిప్పు సంగతి ఆదివారం మధ్యాహ్నం పెట్టుకో. జనరేటరుకని చెప్పి శనివారమే ఆ వాచ్‌మన్ చేత డీజిల్ తెప్పించు. డబ్బా వాడి గదిలోనే ఉండాలి. మూడు నెలల జీతం ఇవ్వలేదుగా, కక్ష కట్టాడంటే ఎవడైనా నమ్ముతాడు." ఆ తర్వాత, "ఇవాళ సాంబారులో ఉప్పెక్కువైంది కదూ?"

సాంబారు నా లెక్కలో తెప్పించింది మేడం. ఉప్పు సరిగ్గానే ఉంది.

అయినా మీరు చెప్పింది నాకింకా బుర్రకెక్కడం లేదు. దొంగచాటుగా పట్టిందైనా సరే, నిజమైనదై, కేసుకి సంబంధించినదైతే కోర్టు వింటుందా? నేను పంపకుండా ఇన్నాళ్లూ ఆగింది అది చెల్లదనుకునే కదా! అవతలి లాయరు ప్రైవసీ అంటాడు, జడ్జి గారు ఎటు మొగ్గుతారో చెప్పలేం అంటారు మీరు, సరే. యాభై శాతం ఛాన్సు వేసుకోనా? అరవై వేసుకోవచ్చా? అరవై వేసుకుంటాను.

మరి స్టేషన్లో భిక్షమన్న నేనే తగలబెట్టానని ఒప్పుకున్నాడట కదా? అది చెల్లదా! అమ్మయ్య. కానీ ఆయన చూపించిన డబ్బా చెల్లుతుందా? నోటితో అన్నది పనికిరాదు, వేలితో చూపించింది పనికొస్తుంది. నేను బీకాం మేడం. మాకు ఇంత తికమక లేదు.

ఆ డబ్బా ఎక్కడుందని అడిగారట, నా గదిలో ఉంది సార్ అని ముందు నడిచి చూపించాడట. ఆయన అంతే. ఏది అడిగినా దగ్గరుండి చూపిస్తాడు. నాకా సెల్లార్ చూపించింది కూడా ఆయనే. పద్దెనిమిది వేలు అద్దె అన్న ఓనరుని పట్టుకుని, "పిలగాడు కొత్తగొచ్చిండు, జర చూడు సేటూ" అని పద్నాలుగుకి దించాడు. స్పాంజి మూటలు మోశాడు. డబ్బులిస్తే తీసుకోలేదు. పెద్ద సినిమా వచ్చినాక మా ఇంటామె బాలమణికి పాత ఏఎన్నార్‌ది కాదు, కొత్త హీరోది ఒక్కని గొంతు చూపియ్యి అన్నాడు. గొంతు చూపించడమేమిటి అని నవ్వాను.

ఇప్పుడావిడ వారానికోసారి చంచల్‌గూడ జైలుకి వెళ్లి వస్తోంది. జామీనుకి ఇద్దరు మనుషులు కావాలన్నారట, ఒక్కరే దొరికారట. నూట ఇరవై మూడు రోజులు. మీరు లెక్కపెట్టకపోవచ్చు, నేను పెట్టాను.

ఈ సర్టిఫికెట్ మీద సంతకం పెడితే నాకేమవుతుందో కూడా లెక్క వేసి చూశాను. చేతిలో తొమ్మిది సినిమాలున్నాయి. బల్బు సంగతి కోర్టులో చెప్పిన సాయంత్రానికి సున్నా. నా మీద కేసు కూడా పెట్టొచ్చు, అంతేనా? అంతే. సరుకు పనికొస్తుంది, తెచ్చినవాడు లోపలికి పోతాడు. బాగుంది.

కంప్యూటరు తిరిగి ఎప్పుడిస్తారు? కేసయ్యాకా? కేసెప్పుడవుతుంది? నవ్వకండి మేడం.

ఏ తేదీ వెయ్యాలి ఇక్కడ? రికార్డయిన తేదీ... గురువారం. మధ్యాహ్నం ఒకటీ నలభై ఆరు. నేనెప్పుడు విన్నానో కూడా అడుగుతారా?

భిక్షమన్నని పట్టుకెళ్లాక, అని చెబుదామనుకున్నాను. నిజానికి ఇక్కడికొచ్చేదాకా అదే అనుకుంటూ వచ్చాను. మీరు ఆ ఫైలు పేరు మీద వేలు పెట్టారు చూడండి. 'పట్టాభి సెట్టు ఇన్సూరెన్స్'. ఆ పేరు పెట్టింది నేనే. ఎప్పుడు పెట్టానో మిషన్‌లో ఉంటుంది. గురువారం సాయంత్రం ఐదింటికి.

సెట్టు తగలబడింది ఆదివారం.

అవునండీ. ముందే విన్నాను. విని లెక్క వేశాను. చెక్కలు, గుడ్డలు, ప్లాస్టర్. మనుషులుండరు. పోయేది ఇన్సూరెన్స్ కంపెనీ డబ్బు. ఎవరికీ నష్టం లేదని తేల్చాను. డబ్బా సంగతి విన్నాను కూడా. ఏమిటో, ఆ వరస మాత్రం కూడికలో వెయ్యలేదు.

ఇంకొకటుంది. ఇది మీరు అడగలేదు.

శనివారం నేను సెట్టుకి వెళ్లాను. చెప్పేద్దామనే వెళ్లాను. గేటు దగ్గర భిక్షమన్న స్టూలేసి కూర్చోబెట్టి టీ పోశాడు. అప్పటికే డబ్బా గదిలో ఉంది. తలుపు తీసే ఉంది, పచ్చ డబ్బా, నాకు కనపడుతూనే ఉంది. ఇరవై నిమిషాలు కూర్చున్నాను. పట్టాభిరామయ్య గారి ఇంకో రెండు సినిమాలు నాకే వస్తాయన్నారు ఆ వారం. "ఏం సాయీ, ఏమన్న చెప్పేదున్నదా?" అన్నాడు భిక్షమన్న.

ఏం లేదన్నా, టీ బాగుంది అన్నాను.

అది ఏ మైకులోనూ లేదు. ఆయనా ఎవరికీ చెప్పి ఉండడు. మీ కాగితంలో దానికి గడి కూడా లేదనుకుంటా. ఉంటే చూపించండి, రాస్తాను. లేకపోతే బోనులో అడిగించండి.

అలా చూడకండి మేడం. సంతకం అయిపోయింది, చూసుకోండి. విన్నది గురువారమనే రాశాను.

కంప్యూటరు కింద ఆటోలో ఉంది. ఇద్దామా వద్దా అనుకుంటూనే వెంగళరావు నగర్ దాకా ఎక్కించుకొచ్చాను. దాంట్లో పద్నాలుగు నెలల మాటలున్నాయి. జడ్జి గారికి ఓపికుంటే సగం ఫిల్మ్ నగర్ దొరుకుతుంది. మీ మెట్లు ముప్పై నాలుగు, ఎక్కుతూ లెక్కపెట్టాను. లిఫ్టు లేదు. బరువు పదమూడు కిలోలు.

నేనే మోసుకొస్తాను. మీరు ఆ తలుపు కాస్త తీసి పట్టుకోండి.