అల్లుడి దణ్ణం

అడవి జనం చుట్టరికాల గురించి పరిశోధిస్తున్న ఆమెను, బస చేసిన ఇంటి ముసలమ్మ కూతుర్ని చేసుకుంది. పరిశోధకురాలిని చూడవచ్చిన ఆమె భర్త, రాగానే ముసలమ్మ కాళ్ళకు దణ్ణం పెట్టాడు. ఆవిడ కెవ్వుమని అడవిలోకి పరుగెత్తింది.

"పెద్దావిడకి దణ్ణం పెట్టడమూ తప్పేనటే?"

"ఇక్కడ అల్లుడు అత్త కంటపడకూడదండీ!"

"నేను అల్లుణ్ణెప్పుడయ్యాను?"

"నన్ను కూతురన్న రోజే! చీకటి పడుతోంది. ఆవిడకి చూపానదు, అవతల లోయ."

"వెళ్ళి పిలుస్తాను."

"మీ గొంతు వింటే ఇంకా దూరం పోతుంది. భగవంతుడా, ఆవిడకేమన్నా అయితే..."

పెరట్లో ఎండుటాకులు గలగలమన్నాయి.

"గోడవైపు తిరగండి, త్వరగా!"

అతను తిరిగాడు. దడి వెనక నుంచి ముసలమ్మ రొప్పుతూ అడిగింది.

"అమ్మాయీ, అల్లుడు ఏమన్నా తిన్నాడేమో కనుక్కుని చెప్పు."