ఫొటోలో కాళ్ళు

ఆడిషన్ గది. గోడ మీద పాతికేళ్ళ నాటి ఫొటో: పరుగు పందెం గెలిచి, వట్టి కాళ్ళతో నిలబడ్డ ఆదివాసీ అమ్మాయి. దాని కింద కుర్చీలో ఆమే. ఎదురుగా, ఆమె కథని సినిమాగా తీస్తున్న డైరెక్టర్.

"...అది కాదు మేడమ్, నేను చెప్పేది కాస్త వినండి."

"పదేళ్ళుగా వింటూనే ఉన్నాను బాబూ. సినిమావాళ్ళ దగ్గరికెళ్ళినా, టీవీవాళ్ళ దగ్గరికెళ్ళినా ఇదే పాట. 'మీవాళ్ళ వేషం మీవాళ్ళకే ఇద్దామనుకున్నాం, కానీ.' ఆ కానీ తర్వాతది చెప్పు."

"మీ మేనకోడలు బాగానే చేసింది."

"మరి?"

"చాలా బాగా చేసింది. నేను కాదనట్లేదే!"

"కాదన్నదెవరు? ఈ కుర్చీయా?"

"కాఫీ తాగండి, చల్లారిపోతోంది."

"చల్లారనీ. పిల్ల బయట మెట్ల మీద కూర్చుంది. ఏం చెప్పను దానికి? ముఖానికి నల్లరంగు పూసుకునే అమ్మాయి దొరికింది, నువ్వింటికి పో అనా?"

"రంగు గొడవ కాదు మేడమ్. మీ మేనకోడలు మొండిది. పరుగు సీనుకి బూట్లు విప్పమన్నాం. విప్పనంది."

"ఎందుకు విప్పాలి?"

"అదేంటి! సినిమా అంతా ఆ వట్టి కాళ్ళ మీదే కదా నిలబడింది. బూట్లు కూడా లేని కొండపిల్ల గెలిచిందని! ఆ మాటే అంటే నాకే ఎదురు చెప్పింది. 'బూట్లు లేకుండా ట్రాక్ మీద అడుగుపెడితే మా అత్త వీపు పగలగొట్టేది. తను వట్టి కాళ్ళతో పరిగెత్తిందంటే నాకు నమ్మబుద్ధి కావట్లేదు' అని."

"అలా అందా?"

"అందరం నవ్వాం."

"నవ్వారా."

"మీరు గీసిన గీత దాటదు కదా, మీరొక్క మాట చెప్పండి. విప్పితే వేషం తనదే. ఈ పూటే సంతకం."

"ఈ పూటే?"

"ఇప్పుడే. మీరు పదేళ్ళు తిరిగింది దీనికోసమే కదా?"

"దీనికోసమే."

"మరింకేం? పిలవమంటారా?"

"ఆగు. ఆ ఫొటోలో నా వెనక గ్యాలరీ చూశావా?"

"ఖాళీగా ఉంది. ఎవరికీ పట్టని పిల్ల! అదే కదా దాని అందం."

"అందమా? జనం ఇళ్ళకి పోయారు బాబూ."

"అంటే?"

"పందెం అయిన గంటకి తీశారు దాన్ని. ఫొటో ఆయన అన్నాడు, 'బూట్లు విప్పమ్మా, పేపర్లో పెద్దగా వేస్తారు' అని."

"మీరు..."

"విప్పాను. నవ్వాను కూడా. ఆ తర్వాత ఎవరు అడిగినా తలూపాను. ఊపి ఊపి, కొన్నాళ్ళకి నేనే నమ్మాను."

"మేడమ్, ఇది బయటికొస్తే నా సినిమా..."

"కెమెరా వెయ్యి."

"దేనికి?"

"పిల్లని రమ్మను. బూట్లతోనే రమ్మను. ఆ రోజు నావి ఎవరు విప్పారో దాని ముందే చెబుతాను."