ఊయల మీద పేరు

హలో… ఆ, నేనేరా, అక్కని. నా ఫోను ఇంకెవరెత్తుతారు?…

చూశాను. నీ మెసేజ్ పొద్దున్నే చూశాను. మందుల షాపుకి పంపాల్సింది పొరపాటున నాకు పంపావనుకున్నాను.…

మరేమనుకోమంటావ్? జియారిక! రోజుకి రెండు, భోజనం తర్వాత, గోరువెచ్చని నీళ్ళతో.…

నవ్వడం లేదు. అది నీ కూతురి పేరని తెలిశాక నవ్వు ఆగిపోయింది. అర్థమేంటి?…

"నీటి మీద మొదటి వెలుగు." ఓహో. ఏ భాషలో?… భాష తెలీదు, అర్థం మాత్రం తెలుసు. బావుంది.…

నేనూ చూశాన్లే ఆ వెబ్‌సైట్లు. ఒకదాంట్లో వెలుగు అని ఉంది. ఇంకోదాంట్లో ధైర్యం. మరోదాంట్లో పూలతోట. ఇంకాసేపు వెతికుంటే గుమ్మడికాయ అని కూడా దొరికేది.…

ఎవరికీ లేని పేరా? ఒరేయ్, నేను చంటిపిల్లల బడిలో పని చేస్తున్నాను. ఒకరోజు వచ్చి చూడు. సాయంత్రం తలుపు దగ్గర నిలబడి ఏదో ఒక "రిక" అని కేకేశానంటే సగం క్లాసు లేచి చెప్పులేసుకుంటుంది. అవన్నీ ఎవరికీ లేని పేర్లే మరి.…

ఆహా. మరదలి పేరులో ముందు ముక్క, నీ పేరులో వెనక ముక్క. మరి మధ్యలో "యా" ఎందుకు?… ఊరికే. వినడానికి బావుంటుందని. పిల్లకి పేరు పెట్టారా, పార్ట్‌నర్‌షిప్ షాపుకి బోర్డు రాయించారా?…

సరే, అది వదిలేయ్. అసలు సంగతి విను. నాన్న ఊయల చేశాడు.…

అవును, చేతులు వణుకుతాయి. అయినా చేశాడు. పని మానేశాక రంపం పట్టడం ఇదే మొదలు. వరండా నిండా చెక్క పొట్టు, నా చెప్పుల్లో చెక్క పొట్టు, కాఫీలో చెక్క పొట్టు. తలవైపు పలక మీద ఇప్పుడు అమ్మ పేరు పెన్సిల్‌తో రాసుకున్నాడు. సాయంత్రానికి చెక్కేస్తానన్నాడు. ఒకసారి ఉలి దిగితే ఇంక చెరిగేది లేదు, తెలుసుగా.…

నిన్ను అడగడమేంట్రా? అమ్మ పోయాక మనింట్లో పుట్టిన మొదటి ఆడపిల్ల. ఇంకెవరి పేరు పెడతారు?…

పాతపేరా? అమ్మ పేరు పాతగా కాక, నిన్న కొన్న చొక్కాలా ఉంటుందా?…

ఓ, మరదలు వద్దందా? అనుకున్నాను.… ఏంటి, తను సరేనందా? మరి ఎవరికిరా నొప్పి?…

నీకా?

నీకేంరా? అమ్మ కన్నది నిన్ను. తనకి లేకుండా నీకు పెట్టింది. ఆవిడ పేరు పలకడానికి నీకు నోరు రావడం లేదా? సినిమావాళ్ళ పిల్లల పేర్లు మాత్రం వస్తాయి నీకు.…

అదేం ప్రశ్న? ఆ పేరుతో ఎవరు పిలిచారేంటి? అందరూ పిలిచారు.…

సరే, చెప్తాను. మనం అమ్మా అన్నాం. వీధిలోవాళ్ళు వడ్రంగి భార్య అన్నారు. నాయనమ్మ "పిల్లా" అనేది, అమ్మకి జుట్టు నెరిశాక కూడా. నాన్న "ఏమేవ్" అనేవాడు.…

పేరు పెట్టీ పిలిచేవాడు. ఎందుకు పిలవలేదు?… ఎప్పుడంటే…

అది కోపమొచ్చినప్పుడు. ఎవరికి రాదు కోపం? ఉలి కనపడకపోయినా, బేరం చెడినా, అన్నం చల్లారిపోయినా. షెడ్డులోంచి ఒక్క కేక. అంతేగా? చెయ్యెత్తలేదు ఎప్పుడూ. అదైనా ఒప్పుకో.…

ఎత్తక్కర్లేకపోయింది. ఆ. బాగా మాట్లాడటం నేర్చుకున్నావ్.…

నువ్వు చెక్కల దొంతర వెనక దాక్కున్న సంగతి నాకు చెప్తావేంటి? చెయ్యి పట్టుకుని బయటికి తెచ్చింది ఎవర్రా? మీసాలొచ్చాయి, ఉద్యోగమొచ్చింది, కూతురు పుట్టింది. ఇంకా ఆ చెక్కల వెనకే ఉన్నావా? సిగ్గులేదూ?…

ఏంటీ?…

రేపు నాన్న మీ ఇంటికొచ్చి పిల్లని ఆ పేరుతో పిలిస్తే, పిల్లని పక్కన పడేసి నువ్వు పారిపోతావేమోనని నీ భయం.… వినపడింది. మళ్ళీ చెప్పకు.

అయితే ఈ జియారిక గొప్పతనం ఇదన్నమాట. వెలుగూ కాదు, పూలతోటా కాదు. ఈ పేరు పెట్టి ఇంతవరకూ ఎవరూ ఎవరినీ తిట్టలేదు. వెబ్‌సైటువాళ్ళకి రాసి పంపు. వేసుకుంటారు.…

అవును, వెటకారమే. ఇంకేం చెయ్యమంటావ్ నన్ను?…

ఉండు. నాన్న ఒక్కసారైనా ఆ పేరు మెత్తగా పిలిచే ఉంటాడు. గుర్తు తెచ్చుకోనీ.… ఆ, ఆసుపత్రిలో…

కాదు. అది నర్సు.…

నువ్వు లేవు. మందులకని కిందికెళ్ళావు. నర్సొచ్చి అమ్మని పేరు పెట్టి పిలిచింది. చంటిపిల్లని నిద్ర లేపినట్టు, అంత మెల్లగా. అమ్మ ఉలిక్కిపడి మంచం దిగబోయింది. చేతికున్న సూది ఊడిపోయింది. "ఏది కనపడ్డం లేదు?" అంది. నర్సుతో. "వెతికి తెస్తా, ఏది కనపడ్డం లేదు?"…

…

హలో?… ఉన్నాను. ముందు ముక్కు చీదుకో. నాకిక్కడ చెవిలో వినపడుతోంది.…

లేదు, పేరు మాత్రం దరిద్రంగానే ఉంది. ఆ మాట మార్చుకోను. బడికి పంపే వయసొస్తే నా క్లాసుకి మాత్రం పంపకు.…

ఏంటి నాన్నా?… తమ్ముడు.… ఆ, వస్తున్నా.

ఒరేయ్, గుమ్మంలోకి వచ్చాడు. ఉలి చేతిలోనే ఉంది. అక్షరాలు సమంగా పడ్డాయో లేదో చూడమంటున్నాడు.… ఫోను ఆయనకివ్వను. నువ్వు ఆయనతో మాట్లాడితే "సరే నాన్నా" తప్ప ఇంకో ముక్క రాదు. నాకు తెలీదా?… ఫోను బల్ల మీద పెడుతున్నాను. నోరు మూసుకుని విను.

నాన్నా, ఆ పేరు చెక్కొద్దు.…

వాడు కాదు. నేనంటున్నాను.…

అవమానమేం లేదు. ఆ పేరుతో అమ్మ పడింది చాలు. పిల్లకెందుకు?…

నువ్వు ఎలా పిలిచేవాడివో మేమిద్దరం విన్నాం నాన్నా. అరవాలనుంటే ఇప్పుడూ అరిచెయ్. నేనిక్కణ్ణించి కదలను.…

జియారిక.… జి–యా–రి–క.… అర్థమా? ఏమీ లేదు.…

నవ్వుకో. నేనూ పొద్దుట్నించీ నవ్వుతూనే ఉన్నాను. నవ్వడం అయ్యాక ఆ పెన్సిల్ రాత చెరిపెయ్.