అప్పీలుకెళ్ళని మనిషి

"మామ్మా, సోమవారం జడ్జీగా చేరతన్నాను కదా. ఒకళ్ళకి జైలు శిక్ష వేసిన రోజు నీకెలా ఉండేది?"

ఎలా ఉండేదేటే! దర్జాగానే ఉండేది. రోలుగుంట కాడ సెరుకు రైతు కూతుర్ని, బెంచీ మీద కూకుంటే పెద్దపెద్ద ప్లీడర్లు వొంగి దణ్ణం పెట్టీవోరు. నా మొదటి నల్లకోటు మా నాన్న బెల్లం అమ్మి అనకాపల్లిలో కుట్టించేడు. నా తీర్పు పైకోర్టులో ఒక్కటీ కొట్టీలేదు... ఉండు, అబద్ధమెందుకు, ఒకటో రెండో కొట్టీసేరులే.

అయితే ఒకడున్నాడే. పేరెందుకులే. నాకు పోస్టింగిచ్చిన ఊరు కూడా సెరుకు ఊరే. గట్టు తగువులో సొంత అన్న సెయ్యి సెరుకు కత్తితో నరికేడని కేసు. ఈడేమో తోపులాటలో తగిలిందమ్మా, నేను నరకలేదు అంటాడు. సాక్షులందరూ నరికేడనే సెప్పేరు. సూడు, ఆ గట్టు మీద నేనున్నానా? రేపు నువ్వుంటావా? సాక్ష్యం బట్టే కదా సెప్పాల. నేరం రుజువైందన్నాను.

శిక్ష ఎంతో రాసీముందు ముద్దాయిని అడగాల కదా, ఏటైనా సెప్పుకుంటావా అనీసి. శానామంది పిల్లలంటారు, ముసలి తల్లంటారు. ఈడు, "సెరుక్కి ఫ్యాక్టరీవోళ్ళ కటింగ్ ఆర్డరొచ్చిందమ్మా. ఇప్పుడు కొట్టి ఫ్యాక్టరీకి తోలకపోతే ఎండిపోద్ది. తోలీసి వచ్చీస్తాను" అన్నాడు. కోర్టంతా నవ్వేరు. నాకు నవ్వు రాలేదు. ఆర్డరొచ్చేక కొట్టకపోతే ఏటవుద్దో మనింటోళ్ళకి తెలీదేటి? ఏడాది శిక్ష రాసి, అప్పీలుకి గడువిచ్చి, జామీను మీద వదిలేను.

నిజం సెప్పనా, సెరుకు ఒక్కదానికే కాదు. అప్పీలుకెళ్తే నాకన్నా పెద్ద జడ్జీ సూస్తాడు, తప్పయితే దిద్దుతాడు, నా బరువు దిగిపోద్ది అనుకున్నాను.

గడువవకముందే వచ్చీసేడే! సంకలో దుప్పటి, సేతుల్నిండా సెరుకాకు కోసిన గీతలు. "తోలీసేనమ్మా, జైలుకి పంపీండి" అన్నాడు. అప్పీలెయ్యలేదేటయ్యా అంటే, "మీరు నా మాటంతా ఇన్నారు కదమ్మా. ఇంకొకళ్ళకి సెప్పీదేటుంది?" అన్నాడు.

ఓలమ్మో... గర్వమే వచ్చింది, దాపరికమెందుకు. అంతలోనే ఇంకో మాట తట్టింది. ఆడు నిజంగా నరకలేదేమో! ఇంక పైన సూసీవోళ్ళు లేరు, నా మాటే ఆకరి మాట. ఆ పూట కంచం ముందు కూకుని, తినకుండానే లేచీసేను.

ఇప్పటికీ తెలీదే. తప్పు సేసేనని మాత్రం అనను. మళ్ళీ అదే సాక్ష్యం వస్తే అదే తీర్పు రాస్తాను. రా, ఇలా దగ్గిరికి రా. సల్లగా ఉండు, నాకన్నా పెద్ద జడ్జీవైపో. గానీ శిక్ష రాసిన పూట నీకు అన్నం సయించకూడదే తల్లీ. సయించడం మొదలైందనుకో... ఆ కుర్చీ దిగి ఇంటికొచ్చీయ్.