మూత మీది నిప్పులు

మిషన్ బంగళా తెల్ల దొరసాని తన దేశానికి తిరిగి వెళ్ళిపోయిన ఏడాది. ప్రొద్దుటూరులో ఒక బట్టల షావుకారి భార్య పొయ్యి ముందు కూర్చొని ఉంది. ఆ దొరసానికి ఇరవై ఏళ్ళు వంట చేసిన ముసలామె పెరట్లో, గడప బయట నిలబడి దొరసాని ఇంటి తీపివంట ఎట్లా చేయాలో చెబుతుంటే, షావుకారి భార్య చేస్తోంది.

“మామిడిపండ్ల ముక్కలు గిన్నెలో పరిచినా. ఇంగ?”

“పాలు, వెన్న, చక్కెర కలిపిన మైదా పిండిని పైన పొయ్యమ్మా. కలబెట్టద్దు. మూత పెట్టి, సన్నసెగ మీద గంటసేపు వదిలెయ్యమ్మా.”

“ఇంతేనా? శానా సులువు. దీనికేనా దొరసాని నిన్ను అంత మెచ్చుకునేది?”

“వంటిల్లంతా నా చేతికే ఇచ్చిండె అమ్మా.”

“ఆమెకు మడీ మైలా లేదు. ఎండగా ఉంటే నీడకు జరుగు. గడప మాత్రం దాటద్దు.”

గంట తర్వాత షావుకారి భార్య మూత తీసింది.

“ఏంది ఇది? అడుగున ఉడికింది, పైన పిండి పచ్చిగా అట్లే ఉంది. తాసిల్దారు మా ఇంటికి భోజనానికి వచ్చే పొద్దాయె.”

“మూత మీద నిప్పులు ఏసినారా అమ్మా?”

“మూత మీదనా? నువ్వు చెప్తివా?”

“ఇరవై ఏండ్లు నా చెయ్యే ఏస్తాండె. నోటితో చెప్పే పని ఎప్పుడూ పడలేదు. ఈడ నిలబడితే మీ గిన్నె కనపడదు గదమ్మా.”

“సరే, లోపలికి రా. నువ్వే ఏసి సరిచెయ్. నువ్వు పోయినాంక పసుపునీళ్ళు చల్లుకుంటాలే.”

“నేను ముట్టుకున్న ఆ గిన్నెలో గూడా పసుపునీళ్ళు చల్లి తాసిల్దారుకు పెడతారా అమ్మా?”